పాత ప్లేస్టేషన్ 2లో ఆటల మార్పులు: సరిహద్దు కుటుంబాలకు ఒక పరిచయం

ఒక వీడియో ఆటను తయారీ సంస్థ విడుదల చేసిన తరువాత, అందులోని పేర్లను, బొమ్మలను, శబ్దాలను, నియమాలను ఇతరులు మార్చి రూపొందించిన భేదాన్ని ‘మాడ్’ అంటారు. బజారులో దీనికి ‘ప్యాచ్’ అన్న పేరే ఎక్కువగా వినిపిస్తుంది. గుణుపురం పరిసరాల తెలుగు ఇళ్ళకు ఈ మాటలు కొత్తవి కావచ్చు గాని, వస్తువు కొత్తది కాదు. 1990ల నాటి టీవీ గేముల్లో పెట్టే క్యాసెట్ల మీద ‘9999999 ఇన్ 1’ అని ముద్రించి ఉండేది. అందులోని ఆటలు వాస్తవానికి పదో ఇరవయ్యో. మిగిలిన అంకె అంతా అవే ఆటలను ఒకసారి రెండవ దశ నుంచి, ఒకసారి ఎక్కువ ప్రాణాలతో, ఒకసారి మారిన రంగులతో మొదలుపెట్టి, ఒక్కొక్కదానికి ఒక్కొక్క పేరు తగిలించగా వచ్చినది. 1983లో జపానులో నింటెండో సంస్థ విడుదల చేసిన ఫ్యామికామ్ యంత్రానికి అనుకరణలే ఆ టీవీ గేములు. ఎవరో ఆట లోపలి అంకెలను మార్చారు, పిల్లలు ఆడారు. నేటి మాడ్ కూడా మూలంలో అదే పని.

ఈ వ్యాసంలో వివరించబోయేది ప్లేస్టేషన్ 2 అనే యంత్రం గురించి. సోనీ సంస్థ దీనిని 2000 మార్చి 4న జపానులో విడుదల చేసింది. 2013 ఆరంభం నాటికి తయారీ నిలిచిపోయింది. ఆ లోపల ప్రపంచమంతటా 15 కోట్ల 50 లక్షలకు పైగా యంత్రాలు అమ్ముడయ్యాయి. ఇప్పుడది పాత సామాను. విశాఖపట్నంలోనో బరంపురంలోనో సెకండ్ హ్యాండుగా కొన్నది, లేదా పట్నంలో ఉద్యోగం చేసే మేనమామ కొత్తది కొనుక్కొని పిల్లలకు ఇచ్చివేసినది ఊరికి చేరుతుంది. 2004లో ఆగిపోయిన నౌపడా–గుణుపురం చిన్న రైలు 2011లో బ్రాడ్ గేజి మీద తిరిగి వచ్చిన నాటి నుంచి విశాఖ నుంచి ఇటువంటి సామాను చంకన పెట్టుకొని రావడం సులువైంది. చేరిన యంత్రానికి కొత్త ఆటలు మాత్రం రావు. అప్పుడు మిగిలే దారి ఉన్న ఆటను మార్చుకోవడమే.

ఆట లోపల ఏముంటుంది

ప్లేస్టేషన్ 2 ఆట సాధారణంగా 4.7 గిగాబైట్ల డీవీడీ మీద వస్తుంది. కంప్యూటరులో ఆ డీవీడీని తెరిస్తే కొద్దిపాటి ఫైళ్ళే కనబడతాయి. వాటిలో ఒకటి అసలు ప్రోగ్రాము. దాని పేరు నాలుగు అక్షరాల కోడుతో మొదలవుతుంది. ఐరోపా ముద్రణకు ఎస్ఎల్ఈఎస్, అమెరికా ముద్రణకు ఎస్ఎల్‌యూఎస్ అని ఉంటుంది. మన దేశంలో అధికారికంగా అమ్మినవి పాల్ పద్ధతివి కాబట్టి మొదటి కోడే ఎక్కువగా కనిపిస్తుంది. మిగిలిన పెద్ద ఫైళ్ళు మూటల వంటివి. ఈఏ సంస్థ ఆటల్లో ఈ మూటల పేరు చివర ‘బిగ్’ అని, కొనామి సంస్థ ఫుట్‌బాల్ ఆటల్లో ‘ఏఎఫ్ఎస్’ అని, శాన్ ఆండ్రియాస్ ఆటలో ‘ఐఎమ్‌జీ’ అని ఉంటుంది. మూట విప్పితే లోపల వందలాది చిన్న బొమ్మలు, ముఖాలు, చొక్కాల రంగులు, శబ్దాలు, పేర్ల పట్టికలు వరుసగా ఉంటాయి.

మాడ్ తయారుచేసేవారు ఒక బొమ్మను తీసి, సరిగ్గా అదే కొలతలో వేరొక బొమ్మను అదే చోట పెడతారు. కొలత మారకూడదు అన్న నియమానికి కారణం ఉంది. ఈ యంత్రంలో ప్రధాన మెమరీ 32 మెగాబైట్లు, బొమ్మలను చూపేందుకు ప్రత్యేకించినది 4 మెగాబైట్లు మాత్రమే. నేటి మామూలు సెల్‌ఫోనులో తీసిన ఒక్క ఫొటో అంతకు మించుతుంది. పెద్ద బొమ్మను దూర్చితే ఆట మధ్యలో తెర బిగుసుకుపోతుంది. ‘కొత్త ముఖాలతో పాత ఆట’ అని చెప్పి ఇచ్చిన డిస్కు మూడవ ఓవరులోనే ఆగిపోతే, యంత్రం చెడిందని కంగారుపడనక్కరలేదు. తప్పు చాలావరకు ప్యాచ్‌లోనే ఉంటుంది.

క్రికెట్ 07 సంగతి

మన దేశంలో మార్పులకు ఎక్కువగా గురైన ఆటల్లో ఈఏ స్పోర్ట్స్ వారి క్రికెట్ 07 ఒకటి. 2006 నవంబరులో ప్లేస్టేషన్ 2కు, కంప్యూటరుకు మాత్రమే ఇది వచ్చింది. ఆ సంస్థ నుంచి దీని తరువాత వేరొక క్రికెట్ ఆట రాలేదు. ఆస్ట్రేలియా, ఇంగ్లండు జట్లకు అనుమతులు ఉండటం వల్ల వారి పేర్లు సరిగా ఉన్నాయి. భారత జట్టు ఆటగాళ్ళు మాత్రం వంకర తిరిగిన పేర్లతో కనిపించారు. 2008లో ఐపీఎల్ మొదలైనప్పుడు ఆ జట్లు ఈ ఆటలో లేవు, ఉండే అవకాశమూ లేదు. ఈ లోటును పూరించేందుకే ఏటేటా కొత్త చొక్కాలు, కొత్త జట్లు, కొత్త ఆటగాళ్ళ పట్టికలతో ప్యాచ్‌లు పుట్టుకొచ్చాయి.

ఇక్కడ కొనుగోలుదారులు తరచు మోసపోయే విషయం ఒకటి ఉంది. ఇంటర్నెట్టులో దొరికే క్రికెట్ 07 ప్యాచ్‌లలో అత్యధికం కంప్యూటరు కోసం చేసినవి. అవి ప్లేస్టేషన్‌లో పనిచేయవు. ఈఏ సంస్థ తన బొమ్మలను కంప్యూటరు ఆటలో ‘ఎఫ్ఎస్‌హెచ్’ రూపంలోను, ప్లేస్టేషన్ 2 ఆటలో ‘ఎస్ఎస్‌హెచ్’ రూపంలోను దాచింది. పేరులో తేడా ఒక్క అక్షరమే అయినా లోపలి అమరిక వేరు. ప్యాచ్ దించుకొనే ముందు అది ఏ యంత్రానికి చేసినదో చూడనివారికి ఒక పగటి డేటా అంతా వృథా అవుతుంది.

పేర్లు మార్చుకోవడం ఒక్కటే కావాలంటే ఏ ప్యాచూ అవసరం లేదు. ఆ ఆటలోనే ఆటగాళ్ళ పేర్లు దిద్దుకొనే సదుపాయం ఉంది. దిద్దినవి మెమరీ కార్డులో నిలుస్తాయి. పిల్లలు ఇంగ్లీషు అక్షరాలతో ఊరి జట్టంతటినీ అందులోకి ఎక్కించవచ్చు. డబ్బు ఖర్చు లేని, చట్టం అడ్డురాని, యంత్రానికి ముప్పు లేని మార్పు ఇదే గనుక మొదట దీనితో ఆరంభించడం మేలు.

బ్రెజిల్ దేశంలో ఇదే కథ ఫుట్‌బాలుతో నడిచింది. కొనామి వారి ఆటలోకి అక్కడి స్థానిక జట్లను చేర్చిన ‘బొంబా ప్యాచ్’ ప్లేస్టేషన్ 2 తయారీ ఆగిన తరువాత కూడా కొత్త జట్లతో వస్తూనే ఉంది. పేదరికం వల్ల కొత్త యంత్రం కొనలేని ఇళ్ళలో పాత యంత్రానికి అది ఆయువు పోసింది.

తెలుగు అక్షరాలు వస్తాయా

ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా చదివే పిల్లలున్న చోట ఈ ప్రశ్న సహజం. ఆటలోని ఇంగ్లీషు మాటలను తెలుగులోకి మార్చవచ్చా? సమాధానం సగం అవును, సగం కాదు.

పాత ఆటల్లో అక్షరాలు ఒక చదరంగపు బల్ల మీది గళ్ళ వలె ఉంటాయి. ఒక్కొక్క గడిలో ఒక్కొక్క అక్షరపు బొమ్మ. ప్రోగ్రాము ఒక అంకెను చూసి ఆ గడిలోని బొమ్మను తెర మీద పెట్టి, పక్కకు జరిగి తరువాతి బొమ్మను పెడుతుంది. ఇంగ్లీషుకు ఇది చాలు. జపాను భాషకు గళ్ళు వేలల్లో కావాలి గాని, అక్కడ కూడా ప్రతి అక్షరం తన గడిలో తానే నిలుస్తుంది. తెలుగు అట్లా కాదు. గుణింతం పైన చేరుతుంది, ఒత్తు కింద చేరుతుంది. ‘స్త్రీ’ అన్న ఒక్క అక్షరంలో స, త, ర, ఈ నాలుగూ ఒకే చోట పేరుకుంటాయి. ఈ పేర్పును పాత ఆటల ప్రోగ్రాము చేయలేదు. ఒడియాకూ ఇదే చిక్కు. యంత్రపు సొంత మెనూ విషయానికి వస్తే, మన దేశంలో వాడిన పాల్ నమూనాలో ఏడు భాషలు ఉన్నాయి. ఏడూ ఐరోపావే.

విచిత్రమేమంటే, ఈ ప్రాంతపు భాషల్లో పాత ఆటకు సులువుగా లొంగగల లిపి సవరలది. 1936లో మంగేయి గొమాంగో రూపొందించిన సొరంగ్ సంపెంగ్ లిపిలో గుణింతపు గుర్తులు, ఒత్తులు ఒకదాని మీద ఒకటి పేరుకోవు. అక్షరాలు పక్కపక్కన నిలుస్తాయి. 2012లో యూనికోడ్ ప్రమాణంలోకి కూడా ఆ లిపి చేరింది. ఇంగ్లీషు అక్షరాల గళ్ళలో ఆ బొమ్మలను పెడితే చాలు, ప్రోగ్రామును ముట్టుకోనక్కరలేదు. ఇంజనీరింగు చదివే సవర విద్యార్థులకు ఇది చేతికందే పని.

తెలుగుకు మిగిలే మార్గం బొమ్మల మార్గం. మైదానం చుట్టూ ఉండే ప్రకటన బల్లలు, చొక్కా మీది జట్టు పేరు, ఆట మొదలయ్యే ముందు వచ్చే తెర, ఇవన్నీ అక్షరాలు కావు, బొమ్మలు. బొమ్మలో ఏ లిపి అయినా గీయవచ్చు. బౌండరీ బల్ల మీద ‘గుణుపురం’ అని తెలుగులో రాయించడం సాధ్యం. స్కోరు పట్టికలో ఆటగాడి పేరు తెలుగులో రావడం సాధ్యం కాదు. ‘పూర్తి తెలుగు’ అని రాసి అమ్మే డిస్కును ఈ కొలతతో పరీక్షించవచ్చు.

తెలుగునాట ఈ యంత్రానికి ఆటలు తయారుకాలేదనుకోవడం మాత్రం పొరపాటు. హైదరాబాదులోని ఆరోనా టెక్నాలజీస్ 2009లో ‘హనుమాన్: బాయ్ వారియర్’ను విడుదల చేయించింది. భారతదేశంలో తయారైన తొలి ప్లేస్టేషన్ 2 ఆటగా దానికి పేరు. అదే నగరానికి చెందిన గేమ్‌శాస్త్ర సంస్థ కబడ్డీ, గిల్లీదండా, గాలిపటాల పోటీలతో ‘దేశీ అడ్డా’ను అదే ఏడు తయారుచేసింది. ఆ డిస్కులు పాత సామానులో కనబడితే పారవేయకూడదు.

యంత్రాన్ని సిద్ధం చేయడం

మార్చిన ఆటను యంత్రం తనంతట తాను అంగీకరించదు. సంస్థ ముద్ర ఉన్న డిస్కునే అది చదువుతుంది. ఈ అడ్డును దాటేందుకు ఒకప్పుడు యంత్రాన్ని విప్పి, లోపల ‘చిప్పు’ను సన్నని తీగలతో అతికించేవారు. ఇప్పుడు ఆ అవసరం చాలావరకు తీరిపోయింది. అయినా చిప్పు పేరు చెప్పి డబ్బు అడిగే దుకాణాలు ఉన్నాయి. ఒక్క తీగ తప్పు చోట అతికినా యంత్రం మూగబోతుంది.

2008లో వెలువడిన ‘ఫ్రీ మెక్‌బూట్’ అనే ఉచిత ప్రోగ్రాము మెమరీ కార్డులోనే కూర్చుంటుంది. యంత్రం వెలిగినప్పుడు ముందుగా కార్డును చూస్తుంది గనుక ఆ ప్రోగ్రాము పైకి వచ్చి, అదనపు మెనూ చూపుతుంది. కార్డు తీసివేస్తే యంత్రం యథాతథం. లోపల శాశ్వతంగా ఏదీ మారదు. సొంతంగా ప్రయత్నించేవారికి ఇంతకంటె నిరపాయమైన పద్ధతి లేదు. అయితే ఇది అన్ని నమూనాలకూ పనికిరాదు. యంత్రం అడుగున ఎస్‌సీపీహెచ్ అనే అక్షరాల తరువాత 90000 శ్రేణి అంకె ఉండి, 2008 చివరి నుంచి తయారైనదైతే చాలావరకు కార్డు పద్ధతిని తిరస్కరిస్తుంది. అటువంటి యంత్రాలకు 2020 జూన్‌లో వెలువడిన ‘ఫ్రీడీవీడీబూట్’ ఉపయోగపడుతుంది. సినిమా డీవీడీలు చూపే భాగంలో ఉన్న లోపాన్ని ఆధారం చేసుకొని మామూలు ఖాళీ డీవీడీ మీద రాసిన ప్రోగ్రాము నడుస్తుంది.

లెన్సు అరిగి డిస్కులు చదవని యంత్రాన్ని ఇనుప సామాను వానికి వేయబోయే ముందు ఒక్కసారి ఆగాలి. డిస్కు అవసరమైన రెండవ పద్ధతి దానికి పనికిరాదు. మొదటి పద్ధతి పనికివస్తుంది. స్నేహితుని యంత్రంలో సిద్ధం చేయించిన కార్డును పెడితే, లెన్సుతో పని లేకుండా ఆటలు పెన్‌డ్రైవు నుంచే నడుస్తాయి. కార్డు సిద్ధం చేసేటప్పుడు అన్ని నమూనాలకూ పనికివచ్చే విధంగా ఎక్కించమని చెప్పాలి. మార్పుల విద్య నేర్చినందుకు పల్లె ఇంటికి కలిగే అసలు లాభం ఇదే, కొత్త చొక్కాల కంటె.

అడాప్టరు విషయంలో జాగ్రత్త అవసరం. 2004లో వచ్చిన సన్నని నమూనాకు 8.5 వోల్టుల బయటి అడాప్టరు ఉంటుంది. పిన్ను సరిపోయింది కదా అని 12 వోల్టుల సెట్‌టాప్ బాక్సు అడాప్టరు తగిలించకూడదు. 90000 శ్రేణిలో విద్యుత్ భాగం లోపలే ఉంటుంది.

ప్యాచ్ వేయడం, పెన్‌డ్రైవులోకి ఎక్కించడం

సొంత డిస్కును కంప్యూటరులో పెట్టి, మొత్తం డిస్కును ఒకే ఫైలుగా నకలు తీయాలి. దీనిని ఐఎస్ఓ అంటారు. ఆ నకలుకు వేరొక నకలు తీసి పక్కన ఉంచాలి. తరువాత పనులన్నీ రెండవదాని మీదనే.

నిజాయితీ గల ప్యాచ్‌లు చాలావరకు ‘ఎక్స్‌డెల్టా’, ‘పీపీఎఫ్’ వంటి రూపాల్లో ఉంటాయి. ఇందులో ఆట ఉండదు. అసలు ఆటకూ మారిన ఆటకూ మధ్య తేడా మాత్రమే ఉంటుంది. కనుక ఫైలు చిన్నది, సెల్‌ఫోను డేటాతోనే దించుకోవచ్చు. పద్యంలో ఎన్నవ పాదంలో ఏ అక్షరం మార్చాలో రాసిన చీటీ వంటిది అది. పద్యం మన దగ్గర ఉండాలి, అదీ అదే ప్రతి అయి ఉండాలి. ఐరోపా ముద్రణకు రాసిన చీటీని అమెరికా ముద్రణ మీద అమలుచేస్తే అక్షరాలన్నీ తప్పు చోట పడతాయి. అందుకే ప్యాచ్‌తో పాటు మూల ప్రతి యొక్క ‘ఎమ్‌డీ5’ అనే గుర్తింపు వరుసను ఇస్తారు. మన నకలు వరుస దానితో అక్షరం అక్షరం కలిసినప్పుడే ముందుకు సాగాలి. ‘ఇదిగో, నొక్కితే చాలు’ అని ఈఎక్స్ఈ ఫైలు ఇచ్చేవారి జోలికి పోకూడదు. నెట్ సెంటరు కంప్యూటరు నుంచి ఇంటి పెన్‌డ్రైవుకు వైరస్‌లు పాకే దారుల్లో అది ఒకటి.

మారిన ఐఎస్ఓను నడిపించేది ‘ఓపెన్ పీఎస్2 లోడర్’ అనే ఉచిత ప్రోగ్రాము. పెన్‌డ్రైవును ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ చేసి, అందులో ‘డీవీడీ’ అన్న పేరుతో ఇంగ్లీషు పెద్దక్షరాల ఫోల్డరు తెరిచి ఆటను పెట్టాలి. ఫ్యాట్32లో ఒక్క ఫైలు 4 గిగాబైట్లకు మించరాదు. మించిన ఆటను ‘యూఎస్‌బీయుటిల్’ అనే సాధనంతో ముక్కలు చేయాలి. ఆట ఫైలు పెన్‌డ్రైవులో ముక్కముక్కలుగా చెదరకుండా ఒకే వరుసలో ఉండాలి. పాటలు, ఫొటోలు చెరిపి చెరిపి రాసిన డ్రైవులో అది చెదురుతుంది. ఖాళీ చేసి, కొత్తగా ఫార్మాట్ చేసి, ఆటను మొట్టమొదట ఎక్కించడం ఉత్తమం.

ఇంత చేసినా ఆట మధ్యలోని వీడియో దృశ్యాలు కుంటుతూ నడవవచ్చు. ఈ యంత్రపు యూఎస్‌బీ పాత 1.1 రకానిది. సెకనుకు గరిష్ఠంగా ఒకటిన్నర మెగాబైట్లు ఇస్తుంది. డీవీడీ డ్రైవు అంతకు మూడు రెట్లు మించి ఇచ్చేది. ఇది ప్యాచ్ దోషం కాదు. ఖరీదైన పెన్‌డ్రైవు కొన్నా మారదు. సన్నని నమూనాకు నెట్‌వర్కు తీగ పెట్టే చోటు ఉంది. ఇంట్లో కంప్యూటరు ఉన్నవారు ఆ దారిన ఆటను నడిపితే కుంటు తగ్గుతుంది.

చట్టం, పిల్లల వయసు

1957 నాటి కాపీరైటు చట్టం 52వ సెక్షను, కంప్యూటరు ప్రోగ్రామును న్యాయంగా కలిగి ఉన్నవారు నష్టం నుంచి రక్షణ కోసం నకలు తీసుకోవడాన్ని అనుమతిస్తుంది. 2012 సవరణతో చేరిన 65ఏ సెక్షను, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో రక్షణ తాళాన్ని తప్పించేవారికి రెండేళ్ళ వరకు జైలు, జరిమానా విధిస్తుంది. ప్యాచ్ వేసిన డిస్కులను అమ్మడం 63వ సెక్షను కిందికి వస్తుంది. అక్కడ శిక్ష ఆరు నెలల నుంచి మూడేళ్ళు. సంతలో బల్ల పరిచి అమ్ముతున్న కుర్రవాడికి ఈ సంగతి ఎవరైనా చెప్పడం మంచిది.

తల్లిదండ్రులు గమనించవలసినది మరొకటి. 2005లో శాన్ ఆండ్రియాస్ ఆటలో తయారీదారులు మూసివేసి వదిలేసిన అశ్లీల భాగాన్ని ‘హాట్ కాఫీ’ అనే మాడ్ బయటకు తెచ్చింది. అమెరికాలో ఆ ఆట వయసు ముద్రను ఆ జూలైలోనే పెద్దలకు మాత్రమే అన్నదానికి మార్చారు. ఆ భాగం ప్లేస్టేషన్ 2 డిస్కులో సైతం దాగి ఉండేది. అట్ట మీది వయసు ముద్ర మార్చిన ఆటకు వర్తించదు. కాబట్టి మొదటి అరగంట పెద్దవారు పక్కన కూర్చోవాలి.

మెమరీ కార్డు

వీటన్నిటిలో చెడితే తిరిగి రానిది మెమరీ కార్డు ఒక్కటే. డిస్కు పోతే వేరొకటి దొరుకుతుంది, ప్యాచ్ మళ్ళీ దించుకోవచ్చు. చదువుకో పనికో ఊరు విడిచిన అన్నయ్య నాలుగేళ్ళు ఆడి కూడబెట్టిన ఆట ఆ 8 మెగాబైట్ల కార్డులో తప్ప మరెక్కడా ఉండదు. కార్డులోకి ఏదైనా రాస్తున్నప్పుడు కరెంటు పోతే ఉన్నదంతా పాడయ్యే అవకాశం ఉంది. వానాకాలపు సాయంత్రాలు ఆ పనికి తగిన వేళ కాదు. 64, 128 మెగాబైట్లని రాసి తక్కువ ధరకు అమ్మే కార్డులు నమ్మదగినవి కావు.

ఫ్రీ మెక్‌బూట్‌ను ఎప్పుడూ పాత ఆటలున్న కార్డులో ఎక్కించకూడదు. దానికి వేరొక కార్డు కొని రెండవ గడిలో పాతదాన్ని ఉంచాలి. ఆ మెనూలో ‘యూలాంచ్‌ఈఎల్ఎఫ్’ అనే సాధనం కనిపిస్తుంది. దానిని తెరచి, పాత కార్డులోని ఫోల్డర్లను ఒక్కొక్కటిగా గుర్తుపెట్టి, పెన్‌డ్రైవులోకి నకలు చేయాలి. పది నిమిషాల పని. పెన్‌డ్రైవు నుంచి ఆ ఫోల్డర్లను కంప్యూటరులోకి కూడా ఎక్కించి, కార్డు యజమాని పేరు, తేదీ రాసి పెట్టుకోవాలి. ప్యాచ్ వేయడం ఆ తరువాతనే మొదలుపెట్టవచ్చు.